సంజాయిషీ అందలేదు

జనవరి 6, 2025

ఎవరో కంట్రాక్టరు ఆఫీసుకు పంచిన డైరీ ఇది. ఏటా వస్తుంది, ఏటా మా ఆవిడ కృష్ణవేణి వంటింట్లోకి పట్టుకుపోతుంది. ఈసారి ఇవ్వలేదు. జూన్ ముప్పైకి రిటైరవుతాను. ముప్పై ఐదేళ్లు ఎవరెవరి ఫైళ్ల మీదో నోట్లు రాశాను. నా మీద ఒక్కటీ రాసుకోలేదు.

ఇవాళ ప్రభుత్వ ప్లీడరు గారి నుంచి ఉత్తరం వచ్చింది. ముస్తాక్ మా నీటిపారుదల శాఖ మీద వేసిన దావాలో అతని వైపు సాక్ష్యం పూర్తయిందట. ఇక ఆఫీసు తరఫున ఒకరు బోనెక్కాలి. మా పెద్ద ఇంజనీరు ఈఈ గారు దాని మీద ఆకుపచ్చ ఇంకుతో ‘సూపరింటెండెంటు హాజరు కావలెను’ అని రాసి నా బల్ల మీదికి పంపారు. సూపరింటెండెంటు అంటే నేనే.

మధ్యాహ్నం అన్నం బాగానే తిన్నాను.

జనవరి 7

నిన్న రాసింది చదివితే ఎవరి సంగతో రాసినట్టుంది. సరిగ్గా రాస్తాను.

ముస్తాక్ మా కాలువ మీద లస్కరు. తూము తలుపులు ఎత్తడం, దించడం, గట్టు మీద తిరగడం అతని పని. 2016లో అతని భార్య అబీదా బీకి కడుపు ఆపరేషనై కర్నూలు ఆసుపత్రిలో నలభై రోజులుంది. ముస్తాక్ అక్కడే ఉండిపోయాడు. సెలవు నోటితో అడిగాడు కానీ కాగితం పెట్టలేదు. చెప్పకుండా డ్యూటీ వదిలేశాడని నోటీసిచ్చారు. సంజాయిషీ రాసి, ఆసుపత్రి కాగితాలు జతచేసి ఇచ్చానంటాడు. ఆఫీసు రికార్డు ప్రకారం సంజాయిషీ అందలేదు. అందలేదు కాబట్టి ఉద్యోగంలోంచి తీసేశారు.

ఇచ్చానంటాడు అని రాశాను. నాకే ఇచ్చాడు. ఆఫీసు ఎదురుగా ఉన్న టీ అంగట్లో నేను ఉగ్గాని తింటూ ఉంటే తెచ్చి చేతిలో పెట్టాడు. తపాలు సెక్షనులో ఇచ్చి, నకలు మీద ముద్ర వేయించుకోవాలని అతనికి తెలియక కాదు. సొంత మనుషుల్ని ముద్ర అడగడం మా దగ్గర మొహాన ఉమ్మేసినంత తప్పు. ‘నీ చేతికిచ్చినాక ముద్రెందుకన్నా’ అన్నాడు. నేను కూడా వేయిస్తానని అనలేదు. సంచిలో పెట్టుకున్నాను.

ఆ తర్వాత ఆ కాగితం ఏమైందో నాకు తెలియదు. ఆ నెల్లోనే ఆడిట్ వచ్చింది. ఊపిరాడలేదు.

జనవరి 9

బోనెక్కితే ఏమడుగుతారో రాసి చూసుకున్నాను.

వాది మీ చేతికి సంజాయిషీ ఇచ్చాడా? గుర్తు లేదు.

‘సంజాయిషీ అందలేదు’ అని ఫైల్లో నోటు రాసింది ఎవరు? నేను.

అందిందో లేదో గుర్తు లేని మనిషివి, అందలేదని ఎట్లా రాశావు?

ఇక్కడ ఆగిపోయాను. 

జనవరి 10

గడ్డం గీసుకుంటూ అద్దంలో చూసి ‘గుర్తు లేదు’ అన్నాను. కృష్ణవేణి వంటింట్లోంచి, “యేం గుర్తు లేదంటాండావు? కళ్లజోడా?” అంది. అవునన్నాను. అప్పుడు కళ్లజోడు నా ముక్కు మీదే ఉంది.

జనవరి 20

దారి దొరికింది.

ముస్తాక్ 2018లో దావా వేసింది కర్నూలు సివిల్ కోర్టులో. అప్పట్లో రాష్ట్ర ప్రభుత్వోద్యోగి ఉద్యోగ తగాదా ఏదైనా హైదరాబాదులోని ట్రిబ్యునల్లోనే తేల్చుకోవాలి. సివిల్ కోర్టు ముట్టుకోకూడదు. తర్వాత ట్రిబ్యునల్ని ఎత్తేశారు, ఆ కేసులన్నీ హైకోర్టుకు పోయాయి. ఎట్లా చూసినా ఈ దావా వినే అధికారం కర్నూలు కోర్టుకు లేదు. ఏడేళ్లుగా ఎవరూ ఆ మాట ఎత్తలేదు. ప్లీడర్లు మారారు, జడ్జీలు మారారు, వాయిదాలు మాత్రం నడిచాయి. ఈ అభ్యంతరం ఎప్పుడైనా లేవదీయొచ్చు. అది తేలేదాకా నన్ను బోనెక్కించరు. తేలితే ఇక ఎప్పటికీ ఎక్కించరు.

కోర్టుకు ఆఫీసు చెప్పే జవాబు ఏదైనా మా బల్లల మీదే మొదలవుతుంది. పేరాకు పేరా మేం రాసి పంపుతాం. ప్లీడరు దాన్ని కోర్టు భాషలో పెడతాడు, ఈఈ సంతకం చేస్తాడు. ఎవరు రాశారంటే ప్రభుత్వం రాసింది. ఇవాళ పదకొండు నుంచి భోజనం వేళ దాకా కూర్చుని రాశాను. చాలా రోజుల తర్వాత చెయ్యి పరిగెత్తింది.

ఇందులో అబద్ధం ఒక్క ముక్క లేదు. చట్టంలో ఉన్నదే రాశాను.

జనవరి 23

ప్లీడరు గారు చదివి బల్ల చరిచారు. “ఇంతమందిమి ఉండి ఇన్నేళ్లు దీన్ని చూడలేదే! మీరు వకీలు కావాల్సిన మనిషి వసంతకుమార్ గారూ” అన్నారు. టీ తెప్పించారు. సంతోషంగా తాగాను. ఆ సంతోషం ఇప్పుడు రాస్తుంటే ఒంటికి పట్టిన బురదలా ఉంది.

ఇంకొకటి రాయాలి. 2018లో మా ఆఫీసు ఎదురు టీ అంగట్లో, ఆ కోర్టులో వేయమని ముస్తాక్‌కి చెప్పింది నేనే. ‘హైదరాబాదుకు యాడ తిరుగుతావప్పా, ఇంటి పక్క కోర్టుండగా’ అన్నాను. అప్పట్లో నాకు తెలియదు.

ఫిబ్రవరి 4

అప్పట్లో నాకు తెలియదు.

ఫిబ్రవరి 18

ఇవాళ అభ్యంతరం కోర్టులో దాఖలైంది. వరండాలో ముస్తాక్ ఎదురయ్యాడు. యాభై ఏడేళ్లకే గడ్డం మొత్తం నెరిసింది. ఓర్వకల్లు దగ్గర ఏదో ఫ్యాక్టరీ స్థలానికి కాపలా ఉంటున్నాడు. కాలువ తూములకు యజమానిలా తిరిగిన మనిషి ఇప్పుడు ముళ్లకంచె పక్కన కుర్చీ వేసుకుని కూర్చుంటాడు.

“ఇదేందన్నా, ఈ కోర్టుకు అధికారమే లేదని రాసినారంట?” అన్నాడు.

“ప్లీడరు రాసినాడప్పా. నా చేతిలో యేముంది?”

“అంతేలే. నీ చేతిలో యేముంటాది పాపం” అని నా భుజం తట్టాడు.

వెక్కిరించి ఉంటే బాగుండేది. నిజంగానే అన్నాడు.

మార్చి 12

వాదనలు జరిగాయి. ముస్తాక్ వకీలు లక్ష్మీప్రియ. పాత వకీలు చనిపోయాక రెండేళ్ల కిందట ఈ కేసు తీసుకుంది. ముప్పై ఏళ్లుంటాయేమో. సంజాయిషీ చూడకుండా, విచారణ జరపకుండా మనిషిని తీసేశారు కాబట్టి, అంత అన్యాయం జరిగిన చోట సివిల్ కోర్టైనా కలగజేసుకోవచ్చని గట్టిగానే వాదించింది. మా ప్లీడరు లేచి నేను రాసిచ్చిన కాగితం చూసి చదివారు. జడ్జి గారు తలూపుతూ రాసుకున్నారు. నా వాక్యాలు నాకు వినపడుతున్నాయి. ఒక చోట ప్లీడరు గారు తప్పు చదివితే మనసులో దిద్దాను కూడా. సిగ్గులేని అలవాటు.

బయట టీ తాగుదాం రమ్మన్నాను. “రోజా ఉండాను గదన్నా, నువ్వు తాగు” అన్నాడు ముస్తాక్. నేను తాగుతుంటే పక్కనే నిలబడ్డాడు. టీ అయ్యేదాకా వాళ్ల కూతురు షాహీన్ కాన్పు సంగతి చెప్పాడు. కోర్టు మాట ఎత్తలేదు. ఎత్తనందుకు లోపల అమ్మయ్య అనుకున్నాను.

మార్చి 31

రంజాన్ పండగ. ఎప్పటిలాగే అబీదా బీ షీర్ ఖుర్మా పంపింది. కృష్ణవేణి రెండు గ్లాసులు తాగి, “నువ్వేంది ముట్టుకోవు? వాళ్ల కేసు ఆఫీసు మీద, నీ మీద గాదు గదా” అంది. తర్వాత తాగుతానని గ్లాసు పక్కకు జరిపాను. 

ఏప్రిల్ 23

తీర్పు వచ్చింది. ఈ దావా విచారించే అధికారం ఈ కోర్టుకు లేదు. కావాలంటే వాది తగిన చోటికి వెళ్లవచ్చు. కొట్టేశారు.

నేను బోనెక్కనక్కర్లేదు. ప్లీడరు గారు చెయ్యి కలిపారు. కోర్టు నుంచి కొండారెడ్డి బురుజు దాకా ఎండలో నడుచుకుంటూ వచ్చాను, ఆటో ఎక్కాలని కూడా అనిపించలేదు. అక్కడ సోడా తాగుతుంటే అంగడతను ‘మంచి హుషారుగా ఉండారే సార్’ అన్నాడు. అప్పుడు తెలిసింది, నా మొహం నవ్వుతోందని. గ్లాసు అక్కడే పెట్టేసి వచ్చేశాను.

ఏప్రిల్ 24

తెలుసు.

2018లోనూ తెలుసు. ముస్తాక్‌కి సలహా ఇచ్చిన వారమే మూడు ట్రిబ్యునల్ కేసులకు నేను జవాబులు రాశాను. ఏ తగాదా ఏ కోర్టుకు పోవాలో మా ఆఫీసులో నాకంటే బాగా తెలిసిన వాడు లేడు. ఈఈలే నన్ను అడుగుతారు.

కాగితం సంగతి కూడా తెలుసు. సంచిలోంచి తీసి సొరుగులో పెట్టాను, రేపు ఇద్దాంలే అని. ఆడిట్‌లో మర్చిపోయాను. గడువు దాటాక ఎవరో అడిగితే రిజిస్టరు చూసి ‘సంజాయిషీ అందలేదు’ అని నోటు రాశాను. రిజిస్టర్లో లేదు మరి. అతన్ని తీసేసిన నాలుగు నెలలకు సొరుగు సర్దుతుంటే బయటపడింది. అబీదా బీ ఎక్స్‌రే కూడా దాంతోనే ఉంది. అప్పటికి సూపరింటెండెంటు ప్రమోషను జాబితాలో నా పేరు రెండోది. ఇంటికి తెచ్చి నీళ్ల పొయ్యిలో వేశాను. ఎక్స్‌రే కాలుతుంటే వచ్చిన కంపుకి కృష్ణవేణి తిట్టింది.

ట్రిబ్యునల్‌కి పోయి ఉంటే ఏడాదిలో, మహా అయితే రెండేళ్లలో, మళ్లీ విచారణ జరపండి అనేవాళ్లు. విచారణలో ఆఫీసరు అడిగే మొదటి ప్రశ్న, సంజాయిషీ ఎవరికిచ్చావు అని. నా ప్రమోషను అప్పటికి తేలదు. సివిల్ కోర్టైతే పదిహేనేళ్లు పడుతుంది, ఆ లోపల నేను రిటైరై ఇంట్లో ఉంటాను. గెలిచినా పైకోర్టులో నిలవదు. ఇదంతా ఆ టీ అంగట్లో, ఆ రెండు నిమిషాల్లోనే లెక్కగట్టాను. లెక్కగట్టి, ‘ఇంటి పక్క కోర్టుండగా’ అన్నాను.

రెండేళ్ల కిందట మళ్లీ వచ్చాడు. ‘కొత్త వకీలమ్మ ఇది మన కోర్టు గాదంటాంది, మారాల్నంటాంది, యేం జేద్దామన్నా?’ అని అడిగాడు. మారొద్దు, ఇక్కడే గట్టిగా నిలబడు అన్నాను.

ఏప్రిల్ 25

నిన్నటి పేజీ చింపాలనుకున్నాను. చింపలేదు. ధైర్యం ఉండి కాదు, చింపిన అంచు కనపడుతుందని.

మే 8

ఓర్వకల్లు బస్సెక్కి ముస్తాక్ ఇంటికి వెళ్లాను. ఎందుకు వెళ్లానో బస్సు దిగేదాకా నాకే స్పష్టంగా లేదు. రాళ్ల గుట్టల వేడికి మొహం కాలిపోయింది. అబీదా బీ నీళ్లిచ్చి పక్కన కూర్చుంది, కూర్చోమని మాత్రం అనలేదు. నేనే కూర్చున్నాను.

“అమరావతిలో హైకోర్టుకు పోవాల్నంట గదన్నా. యెట్ల పోవాల్నో, యేం రాయాల్నో నువ్వే జెప్పల్ల” అన్నాడు ముస్తాక్.

అబీదా బీకి కోపం ఆగలేదు. “ఇంగా ఆయప్పనే అడుగుతాండావా? వకీలమ్మ రెండేండ్ల కిందటే నెత్తీ నోరూ కొట్టుకోని జెప్పింది, పోదాం పదండని. ఈ మనిషి ఇనలా!”

“నువ్వుండు” అన్నాడు ముస్తాక్. తర్వాత నా వైపు తిరిగి చాలాసేపు మాట్లాడాడు. అన్నీ రాయలేను. రాయగలిగింది ఇది.

“హైకోర్టులో మనుషుల్ని పిలవరంటన్నా. కాగితాలు జూసి చెప్పేస్తారంట. నా కాడ కాగితం యాడుండాది? ముద్ర ల్యాకపాయె. ఈ కోర్టులో అయితే మనిషిని బోన్లో నిలబెట్టి అడుగుతారు. యెప్పుడో ఒగనాడు నిన్ను పిలుస్తారు. పిలిస్తే నువ్వు అబద్ధం జెప్పవులే అనుకున్యా. దావాలో నీ పేరు గూడా రాపీలేదు, నీ ఉద్యోగానికి ఎసరొస్తాదని. ఆఫీసులో ఇచ్చినా అని మాత్రం రాపిచ్చినా. వకీలమ్మ మారదామనె. నిన్నడిగితే నువ్వు వద్దంటివి. అప్పుడనుకున్యా, అన్నకు గూడా బోనెక్కి ఉండేది ఉన్నట్టు చెప్పాలని ఉండాదేమో, అందుకే ఈడనే ఉండమంటాండాడు అని.”

నీళ్ల గ్లాసు కింద పెట్టాను.

“ఆ కాగితం యేమాయనన్నా?”

చెప్పాను. సొరుగు, నీళ్ల పొయ్యి, ఎక్స్‌రే. అబీదా బీ లేచి లోపలికి పోయింది. ముస్తాక్ కాసేపు తన అరచేతులు చూసుకున్నాడు. “నేనూ అట్లే అనుకున్యాలే. భయపడింటావు” అన్నాడు.

అంతే అన్నాడు. సివిల్ కోర్టుకు కావాలనే పంపానని మాత్రం నేను చెప్పలేదు. కాగితం కాల్చానన్నది చెప్పాను కదా, ఒక్క రోజుకు అంత చాలనుకున్నాను. బస్టాండు దాకా వచ్చి బస్సెక్కించాడు. కిటికీ పక్క సీటు దొరకబుచ్చుకుని, చేతిగుడ్డ వేసి పెట్టాడు నాకోసం.

మే 9

కృష్ణవేణికి కాగితం సంగతి చెప్పాను. వంట చేసింది, వడ్డించింది. తన కంచం పెట్టుకోలేదు.

మే 21

లక్ష్మీప్రియ ఆఫీసుకు నేనే వెళ్లాను. హైకోర్టులో బోను లేదు కానీ ప్రమాణపత్రం రాసిస్తే నా మాట కాగితమై వెళుతుందని అంది. సంజాయిషీ నాకు అందిందని, నేనే పోగొట్టానని రాసిస్తానన్నాను.

ఆమె నన్ను పొగడలేదు. పెన్ను మూసి అడిగింది. “అది మంచిదే సార్. కానీ హైకోర్టు మొదట అడిగేది ఇన్నేళ్లు ఏం చేశారని. విచారణ లేకుండా తీసేసిన కేసు ఇది. మొదట్లోనే సరైన చోటికి పోయి ఉంటే ఏడాదిలో ఆ ఉత్తర్వు కొట్టేసేవాళ్లు. ఆయన్ని సివిల్ కోర్టుకు పొమ్మన్నది మీరేనంట. తెలిసి చెప్పారా, తెలియక చెప్పారా?”

నా సంచి తీసి ఒళ్లో పెట్టుకున్నాను.

“తెలియక అయితే ఇద్దరూ తెలియనివాళ్లే. ఆలస్యం ఆయన నెత్తినే పడుతుంది. సర్వీసు కేసులు చూసే మనిషే, తెలిసి కూడా తప్పు దారి చూపించాడంటే, ఇన్నేళ్లు పోవడం ఆయన తప్పు కాదని నేను గట్టిగా అడగగలను. ఒత్తిడి చేయను. అట్లా రాస్తే రిటైరు కాకముందే మీకు చార్జిమెమో వస్తుంది, పింఛను ఆగొచ్చు. ఆలోచించుకోండి.”

ఆలోచించుకుంటానన్నాను. ఆలోచించడానికి ఏముంది అందులో?

మే 30

ప్రమాణపత్రంలో ఆరు పేరాలు అయ్యాయి. ఏడో పేరా: ‘ఏ కోర్టుకు వెళ్లాలో నాకు సరైన అవగాహన లేనందున...’ కొట్టేశాను.

జూన్ 3

ఏడో పేరా: ‘సదుద్దేశంతో, దూరాభారం దృష్ట్యా...’ ముప్పై ఐదేళ్ల చెయ్యి ఇది. తప్పు చేసినవాడు తప్పు చేసినట్టు కనపడకుండా రాయడంలో దీన్ని మించింది లేదు. కొట్టేశాను.

జూన్ 5

రిటైరయ్యాక ఇస్తే ఏం అని ఆలోచించాను. హైకోర్టు సెలవులు అయిపోతున్నాయి. ఇప్పటికే ఆలస్యమని లక్ష్మీప్రియ రెండుసార్లు ఫోను చేసింది. ఇంకా ఇరవై ఐదు రోజులు ఆగమని నేనే ఆమెకు చెప్పాలా? ఏ నోటితో?

జూన్ 9

కృష్ణవేణికి ఏడో పేరా సంగతి కూడా చెప్పాను. పింఛను ఆగొచ్చని చెప్పాను. “నువ్వు రాయకపోతే మాత్రం నేను ఆ అబీదా బీ మొహం యెట్ల జూడాల?” అంది. నా మొహం ఎట్లా చూస్తుందో చెప్పలేదు, నేనూ అడగలేదు.

జూన్ 12

అయింది.

లక్ష్మీప్రియ ఆఫీసులో పదకొండింటికి. ముస్తాక్, అబీదా బీ వచ్చారు. నా ప్రమాణపత్రాన్ని లక్ష్మీప్రియ ఇంగ్లీషులోకి మార్చి టైపు చేయించి ఉంచింది. ముస్తాక్‌కి తెలియాలి కాబట్టి తెలుగులో నన్నే చదవమంది.

ఆరు పేరాలు చదివాను. సంజాయిషీ, సొరుగు, పొయ్యి. ముస్తాక్ తలూపుతూ విన్నాడు. అవి అతనికి తెలిసినవే. మధ్యలో నాకు దగ్గు వస్తే మంచినీళ్ల గ్లాసు ముందుకు జరిపాడు.

ఏడోది చదివాను. ‘సదరు దావాను విచారించే అధికారం సివిల్ కోర్టుకు లేదని నాకు 2018 నాటికే పూర్తిగా తెలుసు. ట్రిబ్యునల్‌కి వెళితే మళ్లీ విచారణ జరిగి నా తప్పు బయటపడుతుందని, సివిల్ కోర్టులో అయితే నేను రిటైరయ్యేదాకా సాగుతుందని తలచి, నన్ను నమ్మిన ముస్తాక్‌ను కావాలనే అక్కడికి పంపాను. రెండేళ్ల కిందట అతను కోర్టు మారతానంటే ఇదే కారణంతో వద్దన్నాను. అధికారం లేదన్న అభ్యంతరాన్ని ఈ సంవత్సరం ఆఫీసు తరఫున రాసింది కూడా నేనే.’

అబీదా బీ కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. ముస్తాక్ తలూపడం ఆపేశాడు. నా వైపు చూశాడు. ఏదో అడుగుతాడనుకున్నాను. తిడతాడనుకున్నాను, తిట్టాలని కోరుకున్నాను.  ఏడేళ్లు నా గురించి అనుకున్న మంచి మాట ఒక్కొక్కటీ లోపల తీసేసుకుంటున్నట్టు అట్లా చూస్తూ ఉండిపోయాడు.

కింద నోటరీ దగ్గరికి దిగాం. నా దగ్గర పెన్ను లేదు. ముప్పై ఐదేళ్లలో జేబులో పెన్ను లేకుండా బయటికి రావడం ఇదే. ముస్తాక్ తన జేబులోది తీసి, మూత విప్పి ఇచ్చాడు.

“సంతకం పెట్టండి సార్” అన్నాడు.

ఆఫీసులో అందరూ నన్ను సార్ అంటారు. ముస్తాక్ ఎప్పుడూ అనలేదు.

పెట్టాను.